‘ఈ ఉత్తరం ఎవరికి రాశారు?’: వేదాంత కళాశాలలో నా మూడేళ్లు

వేదాంత కళాశాలకు దరఖాస్తు చేసేనాటికే మా ఊళ్లోనూ చుట్టుపక్కల నాలుగైదు పల్లెల్లోనూ నాకు ప్రసంగీకుడని పేరు వచ్చింది. ఇంటర్మీడియట్ అయ్యాక చీమకుర్తిలో ఒక గ్రానైట్ పాలిషింగ్ యూనిట్లో లెక్కలు రాసే పనికి కుదిరాను. పగలు పలకల కొలతలు రాసుకోవడం, సాయంత్రాలు యువజన కూడికల్లో వాక్యం చెప్పడం, ఇలా నాలుగేళ్లు గడిచాయి. గొంతు బాగుండేది, వచనాలు పుస్తకం చూడకుండా ధారగా వచ్చేవి, ఉపవాస ప్రార్థనలకూ గృహప్రవేశాలకూ పిలిచేవారు. అందుకే బైబిలు కాలేజీకి వెళ్తానని చెప్పినప్పుడు సంఘంలో చాలామంది ఆశ్చర్యపోయారు. “పిలుపు ఉన్నవాడికి చదువెందుకు నాయనా? పేతురు ఏ కాలేజీలో చదివాడు?” అని, యేసు శిష్యుడైన పేతురును గుర్తుచేస్తూ మా పెద్దమ్మ అడిగింది. ఆ ప్రశ్నకు అప్పుడు నా దగ్గర జవాబు లేదు. చెప్పాలంటే నా అభిప్రాయమూ అదే. పట్టా ఉంటే పట్నం సంఘాలవారు కూడా పిలుస్తారన్న ఆశ ఒకటి మనసులో ఉండేది, దానికి నేను పెట్టుకున్న పేరు పిలుపు.

మా ప్రాంతానికి ఈ ప్రశ్న కొత్తది కాదని ఆ తర్వాత తెలిసింది. ఒంగోలు కేంద్రంగా పనిచేసిన అమెరికన్ బాప్టిస్టు మిషనరీ జాన్ ఎవరెట్ క్లౌ, 1876–78 నాటి పెద్ద కరువులో బకింగ్‌హాం కాలువ తవ్వకంలో మూడున్నర మైళ్ల పనిని గుత్తకు తీసుకుని వేలాది మందికి కూలి దొరికేలా చేశాడు. కూడు కోసం మతం పుచ్చుకున్నారన్న మాట రాకూడదని, కరువు సహాయం సాగినంత కాలం ఎవరికీ బాప్తిస్మం ఇవ్వలేదు. ఆ తర్వాత 1878 జూలై 3న వెల్లంపల్లి దగ్గర గుండ్లకమ్మ ఒడ్డున ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం పొందారు. ఆ రోజు నీళ్లలో నిలబడి బాప్తిస్మం ఇచ్చినవారు ఆరుగురు తెలుగు బోధకులు, ఇద్దరిద్దరుగా వంతులు మార్చుకుంటూ ఆ పని పూర్తి చేశారు. మా ముత్తవ్వ పుట్టింటివారు ఆ కాలంలోనే విశ్వాసంలోకి వచ్చారని ఇంట్లో చెప్పుకుంటారు. నన్ను ఆలోచింపజేసినది ఆ పెద్ద సంఖ్య కాదు. అంతకు కొన్నేళ్ల ముందే తెలుగు బోధకులకు శిక్షణ ఇవ్వడానికి రామాయపట్నంలో ఒక వేదాంత పాఠశాల మొదలై ఉంది. వాక్యం చెప్పేవాడు కూర్చుని నేర్చుకోవాలన్న ఆలోచన మా నేల మీద నూట యాభై ఏళ్ల నాటిదని తెలిశాక, పెద్దమ్మకు నేను చెప్పలేని జవాబు మా ముత్తవ్వ తరం ఎప్పుడో చెప్పేసిందనిపించింది.

కళాశాల ఎంపికలో మా పాస్టరు గారు సహాయం చేశారు. దేశంలో వేదాంత విద్య ప్రధానంగా రెండు దారుల్లో సాగుతోంది. 1818లో విలియం కేరీ, జాషువా మార్ష్‌మన్, విలియం వార్డ్ స్థాపించిన సెరంపూర్ కళాశాల పేరుతో నడుస్తూ పట్టాలిచ్చే సెనేటుకు అనుబంధమైన కళాశాలలు ఒక దారి; 1970లో ఏర్పడిన ఆసియా థియలాజికల్ అసోసియేషన్ గుర్తింపు పొందిన సువార్తిక కళాశాలలు రెండో దారి. ఈ రెండింటికీ చెందకుండా ఒక సంఘమో ఒక వ్యక్తో నడిపే చిన్న బైబిలు స్కూళ్లు మన రెండు రాష్ట్రాల్లోనూ చాలా ఉన్నాయి. నేను చేరినది హైదరాబాదు శివార్లలోని ఒక సువార్తిక కళాశాల, మూడేళ్ల బి.టిహెచ్. (బ్యాచిలర్ ఆఫ్ థియాలజీ) కోర్సు. బైబిలే తుది ప్రమాణమని, సిలువలోనే రక్షణ అని, మనిషి తిరిగి జన్మించాలని, ఆ వార్త పదిమందికీ చెప్పాలని నమ్మేవారు తమను సువార్తికులమని చెప్పుకుంటారు. మా ఇంటి విశ్వాసమూ అదే కనుక ఎంపిక కష్టం కాలేదు.

దరఖాస్తుతో పాటు బాప్తిస్మ ధ్రువపత్రం, సంఘ పెద్దల సిఫారసు ఉత్తరం, వైద్య ధ్రువపత్రం, మార్కుల జాబితాలు అడిగారు. వీటన్నిటికన్నా ఎక్కువ సమయం పట్టినది సొంత చేతిరాతతో రెండు పేజీల సాక్ష్యం. కూడికల్లో సాక్ష్యం చెప్పడం నాకు నీళ్లు తాగినంత తేలిక, కాగితం మీద పెట్టేసరికి మూడుసార్లు చించి రాశాను. ప్రవేశ పరీక్షలో బైబిలు జ్ఞానం, ఇంగ్లీషు రెండూ ఉన్నాయి. మొదటిదానిలో మంచి మార్కులు వచ్చాయి, రెండోదానిలో గట్టెక్కాను. ఇంటర్వ్యూలో ముగ్గురు కూర్చున్నారు. వారిలో పెద్దాయన నా సాక్ష్యం చదివి, “దేవుడు మిమ్మల్ని పిలిచాడని మీరు రాశారు. మీ సంఘం ఏమంటోంది? మిమ్మల్ని పిలిచిన సంగతి వాళ్లకు కూడా తెలిసిందా?” అని అడిగారు. సిఫారసు ఉత్తరం ఇచ్చారుగా అన్నాను. “ఉత్తరం మీరు అడిగితే ఇచ్చారా, వాళ్లే మిమ్మల్ని పంపుతున్నారా?” అన్నారు. అడిగితేనే ఇచ్చారని ఒప్పుకున్నాను. చేర్చుకోరేమో అనుకుంటూ ఒంగోలు రైలెక్కాను. పది రోజులకు చేర్చుకుంటున్నామని ఉత్తరం వచ్చింది.

హాస్టల్ జీవితం గురించి ఎక్కువ చెప్పనక్కరలేదు. ఉదయం అయిదింటికి గంట, వ్యక్తిగత ధ్యానం, ఊడ్పులు, ఎనిమిదిన్నరకు చాపెల్, మధ్యాహ్నం దాకా తరగతులు, భోజనం తర్వాత ఒక గంట శ్రమదానం, సాయంత్రం వాలీబాల్, రాత్రి లైబ్రరీ, పదిన్నరకు దీపాలు ఆర్పడం. శుక్రవారం రాత్రి ప్రార్థన ఒక్కోసారి తెల్లవారుజాము దాకా సాగేది. తెలుగువారితో పాటు ఒడిశా నుంచీ ఛత్తీస్‌గఢ్ నుంచీ వచ్చినవారు ఉండేవారు. బియ్యం తక్కువైతే గంజి పలచనయ్యేది, అయినా ఎవరూ ఫిర్యాదు చేయలేదు.

నన్ను మార్చినది మొదటి ఏడాది రెండో సెమిస్టర్‌లో జరిగిన ఒక గంట. ప్రసంగ శాస్త్రం తరగతిలో ప్రతి విద్యార్థీ పదిహేను నిమిషాలు ప్రసంగించాలి, తోటివారు కాగితాల మీద అభిప్రాయం రాస్తారు, చివర అధ్యాపకులు మాట్లాడతారు. నా వంతుకు బైబిల్లో యిర్మీయా ప్రవక్త గ్రంథం 29వ అధ్యాయం 11వ వచనం ఎంచుకున్నాను. దేవుడు మన గురించి ఉద్దేశించినవి సమాధానకరమైనవే గాని హానికరమైనవి కావన్న ఆ మాట మన ఇళ్లల్లో క్యాలెండర్ల మీద, గోడల మీద, పెళ్లి శుభలేఖల మీద కనిపిస్తుంది. ఊళ్లో ఆ వాక్యం మీద నేను కనీసం పదిసార్లు ప్రసంగించి ఉంటాను. ఉద్యోగం వస్తుంది, అప్పు తీరుతుంది, ఈ సంవత్సరమే మీ సంవత్సరం అని గొంతెత్తి చెప్పాను. వెనక బెంచీల్లో ఇద్దరు ఆమెన్ అన్నారు కూడా.

ముగించి కూర్చున్నాక సార్ ఒక్క ప్రశ్న అడిగారు: “ఈ ఉత్తరం ఎవరికి రాశారు, తమ్ముడూ?”

అది ఉత్తరమన్న సంగతే నాకు తెలియదు. అన్నిసార్లు ప్రసంగించిన ఆ వచనం ఒక ఉత్తరంలోదని, దాన్ని యెరూషలేము నుంచి యిర్మీయా బబులోనుకు చెరగా వెళ్లిన జనానికి పంపాడని నేనెన్నడూ గమనించలేదు. సార్ నన్నే నిలబెట్టి అధ్యాయం మొదటి నుంచి చదివించారు. ఇళ్లు కట్టుకొని కాపురముండండి, తోటలు నాటుకోండి, పిల్లలకు పెళ్లిళ్లు చేయండి, మిమ్మల్ని చెరపట్టినవారి పట్టణం క్షేమం కోసం ప్రార్థించండి అన్న మాటలు వరుసగా వచ్చాయి. పదో వచనంలో డెబ్బై సంవత్సరాలని ఉంది. అంటే ఆ ఉత్తరం విన్న పెద్దల్లో చాలామంది బబులోనులోనే చనిపోతారు. పదకొండో వచనంలోని ఆశ వారి మనుమల కాలానికి. అంతటితో ఆగక, దాని ముందున్న 28వ అధ్యాయం కూడా చదవమన్నారు. అక్కడ హనన్యా అనే ప్రవక్త రెండేళ్లలోనే అంతా చక్కబడుతుందని జనం మెచ్చేలా చెబుతాడు, యిర్మీయా అతణ్ణి దేవుడు పంపలేదంటాడు. “ఇప్పుడు చెప్పండి, మీ ప్రసంగం ఈ ఇద్దరిలో ఎవరిది?” అని సార్ అడిగినప్పుడు ఆయన గొంతులో ఎగతాళి లేదు. చాలా మెల్లగా అడిగారు. నాకు జవాబు తెలుసు, నోటికి రాలేదు. ఊళ్లో నా ప్రసంగం విని, ఈ ఏడే అప్పు తీరుతుందని నమ్మి వెళ్లిన మనుషుల ముఖాలు ఒక్కొక్కటీ గుర్తొచ్చాయి. వారిలో ఒకాయన ఆ మరుసటి ఏడాదే ఉన్న అరెకరం అమ్ముకున్నాడు. ఆయనతో నేను అన్న మాట దేవుడిదని ఆయన అనుకున్నాడు.

ఆ రాత్రి లైబ్రరీలో కూర్చుని యిర్మీయా గ్రంథం మొదటి నుంచి చివరి దాకా చదవడం మొదలుపెట్టాను, అది పూర్తవడానికి మూడు రాత్రులు పట్టింది. తర్వాత సార్ నేర్పిన పద్ధతి పైకి చాలా మామూలుగా కనిపిస్తుంది గాని పాటించడం కష్టం. పుస్తకమంతా ఒకసారి చదవాలి. ఎంచుకున్న భాగాన్ని కనీసం పదిసార్లు చదవాలి. ఎవరు, ఎవరితో, ఎప్పుడు, ఏ అవసరం వచ్చి మాట్లాడుతున్నారో కాగితం మీద పెట్టాలి. ఆ భాగం చెబుతున్న ప్రధాన విషయాన్ని ఒకే ఒక్క వాక్యంలో రాయాలి. ఆ ఒక్క వాక్యం కుదరకపోతే అసలు వేదిక ఎక్కకూడదు. మన ఊరి సంఘానికి అది ఎలా వర్తిస్తుందన్నది చివరి మెట్టు. నేనెప్పుడూ ఆ చివరి మెట్టు మీద నుంచే మొదలుపెట్టేవాడిని.

రెండో ఏట, కొత్త నిబంధనను మొదట రాసిన గ్రీకు భాష మొదలైంది. అందరూ భయపెట్టిన ఆ పాఠమే నాకు అన్నిటికన్నా ఇష్టమైపోయింది, దానికి కారణం మా ఊరి జిల్లా పరిషత్ హైస్కూల్లో తెలుగు మాస్టారు. డు, ము, వు, లు ప్రథమా విభక్తి అని ఆయన మాచేత వల్లె వేయించినది నాకింకా కంఠతా ఉంది. గ్రీకులో నామవాచకం చివర అక్షరాలు మారితే విభక్తి మారుతుంది. కర్త అయితే లోగోస్, కర్మ అయితే లోగోన్. వాక్యంలో మాటల వరుస ముందువెనకలైనా అర్థం చెడదు. రాముడు రావణుని చంపెను అన్నా, రావణుని రాముడు చంపెను అన్నా మనకు ఒకటే కదా! ఇంగ్లీషు మీడియంలో చదివిన మిత్రులు ఇక్కడ తికమకపడుతుంటే, ఇంగ్లీషులో ఎప్పుడూ వెనకబడే మేం కొందరం ముందు వరసకు వచ్చాం. తెలుగు వ్యాకరణం వచ్చినవాడికి కొత్త నిబంధన భాష పరాయిది కాదని నేను ఎక్కడైనా గట్టిగా చెప్పగలను.

అయితే నాలుగు గ్రీకు మాటలు రాగానే వాటిని వేదిక మీద ఒలకబోయాలన్న ఉబలాటం వస్తుంది. యోహాను సువార్త 21వ అధ్యాయంలో పునరుత్థానుడైన యేసు పేతురును నన్ను ప్రేమించుచున్నావా అని మూడుసార్లు అడుగుతాడు. మొదటి రెండుసార్లు అగపావో అనే క్రియ, మూడోసారి ఫిలేయో అనే క్రియ ఉన్నాయని, మొదటిది దైవిక ప్రేమ, రెండోది స్నేహమని, పేతురు దైవిక ప్రేమ స్థాయికి ఎక్కలేకపోతే ప్రభువే దిగి వచ్చాడని ఎన్నో సభల్లో విన్నాను. దానినే గొప్పగా రాసుకొచ్చి చూపించాను. సార్ అదే సువార్తలో రెండు చోట్లు తీయమన్నారు. 3వ అధ్యాయం 35వ వచనంలో తండ్రి కుమారుని ప్రేమిస్తున్నాడన్న చోట అగపావో, 5వ అధ్యాయం 20వ వచనంలో అదే మాట చెప్పిన చోట ఫిలేయో. తండ్రి ప్రేమలో ఎక్కువ తక్కువలు ఉన్నాయా? యోహాను ఈ రెండు క్రియలనూ ఒకదానికి బదులు ఒకటిగా వాడగలడని అక్కడే తేలిపోతోంది. మూడుసార్లు అడగడానికీ, అంతకుముందు పేతురు మూడుసార్లు ఆయనను ఎరుగనని చెప్పడానికీ ఉన్న సంబంధం గ్రీకు రాని మా పెద్దమ్మకు కూడా తెలుస్తుంది. అసలు సంగతి అక్కడుంది, అడిగిన ప్రతిసారీ తన గొఱ్ఱెలను, అంటే తన జనాన్ని, అప్పగించడంలో ఉంది. రాసుకొచ్చిన కాగితాన్ని మడిచి జేబులో పెట్టుకున్నాను.

గ్రీకు నిజంగా ఉపయోగపడిన చోటు ఒకటి చెప్పాలి. ఆదివారాలు మమ్మల్ని వారాంతపు సేవకు పంపేవారు. నాకూ మరో మిత్రుడికీ కేటాయించినది రంగారెడ్డి జిల్లాలో ఒక పల్లె, రేకుల కప్పు కింద ముప్ఫై మంది కూడే సంఘం. కొలస్సయులకు రాసిన పత్రిక రెండో అధ్యాయంలో, మనకు విరోధంగా ఉన్న పత్రాన్ని మేకులతో సిలువకు కొట్టాడన్న మాట ఉంది. ఆ పత్రాన్ని గ్రీకులో కెయిరోగ్రాఫోన్ అంటారు. చేతిరాత అని అర్థం, బాకీ ఉన్నవాడు తన చేతితో రాసిచ్చే రుణపత్రం. ఈ సంగతి వివరించబోతూ ధర్మశాస్త్రం, శిక్షావిధి అంటూ పాఠ్యపుస్తకం భాషలో తడబడుతున్నాను. ముందు వరసలో చాప మీద కూర్చున్న ఒక పెద్దాయన నన్ను ఆపి, “గంటే ప్రాంసరీ నోటే గద సారూ! బాకీ తీరినంక నోటు మన చేతికియ్యాలె, చింపాలె. లేకుంటే అది వాని దగ్గరున్నంత సేపు మనకు నిద్రవట్టది” అన్నాడు. తలలన్నీ ఊగాయి. ఆ రేకుల కింద కూర్చున్నవారిలో నోటు రాయని ఇల్లు లేదు, నోటు వెనక చెల్లు రాయించుకోలేక మోసపోయినవారూ ఉన్నారు. నీతిమంతులుగా తీర్చబడుట అనే అధ్యాయాన్ని నేను ఇంగ్లీషులో నలభై పేజీలు చదివాను. ఆ పెద్దాయన ఒక్క మాటలో దాన్ని వారి వాకిట్లోకి తెచ్చాడు.

ఇక్కడ నా బాధ ఒకటి చెప్పకుండా ఉండలేను. మా పాఠ్యపుస్తకాలు దాదాపు అన్నీ ఇంగ్లీషువే. వాటిలోని ఉదాహరణలు వేరే దేశాల వాకిళ్లవి, వేరే మనుషుల ప్రశ్నలవి. తెలుగు మీడియం నుంచి వచ్చిన విద్యార్థి తన శక్తిలో సగం భాషతో పోరాడటానికే ఖర్చు చేస్తాడు, మిగిలిన సగంతో పాఠం నేర్చుకుంటాడు, ఆపైన నేర్చుకున్నదాన్ని తెలుగులోకి తెచ్చే పని ఎవరూ నేర్పకుండానే ఊరికి వెళ్తాడు. ఒంగోలు ప్రాంతపు తొలి బోధకులు తెలుగులో నేర్చుకుని తెలుగులో చెప్పినవారు. వారికన్నా మా తరం ఎక్కువ పుస్తకాలు చదివింది, వారంత సూటిగా చెప్పగలుగుతోందని మాత్రం అనలేను. తెలుగులో గట్టి వ్యాఖ్యానాలు, సంఘ చరిత్ర గ్రంథాలు ఇంకా చాలా రావాలి. అవి రాయగలిగిన అధ్యాపకులు మన కళాశాలల్లోనే ఉన్నారు, తరగతుల భారం తగ్గించి వారిని రాయనిస్తే బాగుంటుంది.

మా తరగతిలో ముగ్గురు అమ్మాయిలు ఉండేవారు. అభిప్రాయాల కాగితాల్లో ప్రతిసారీ అందరికన్నా మంచి మాటలు వచ్చినది వారిలో ఒకామెకే. రూతు గ్రంథం మీద ఆమె చేసిన పదిహేను నిమిషాల ప్రసంగం, పరిగె ఏరుకునే కూలీ స్త్రీ కళ్లతో ఆ కథను చూపించిన తీరు నాకింకా గుర్తుంది. చదువు ముగిశాక ఆమె సంఘం ఆమెకు సండే స్కూలు మాత్రమే అప్పగించింది. స్త్రీలు పురుషులకు బోధించవచ్చా లేదా అన్నదానిపై సువార్తికుల్లో ఏకాభిప్రాయం లేదని నాకు తెలుసు. అయినా దేవుడు ఇచ్చిన వరాన్ని అలా మూలన పెట్టడం సంఘానికే నష్టమని నా నమ్మకం.

రెండో ఏట డబ్బు ఇబ్బంది వచ్చింది. మొదటి ఏడాది ఫీజు నేను కూడబెట్టుకున్న జీతంతో, మా సంఘం స్త్రీల సమాజం పిడికెడు బియ్యం పోగుచేసి అమ్మి పంపిన డబ్బుతో గడిచింది. రెండో ఏడాదికి విద్యార్థులకు సహాయం చేసే ఒక సంస్థ ముందుకొచ్చింది. ప్రతి మూడు నెలలకూ నివేదిక పంపాలన్నారు, పంపాను. మూడో నివేదిక తర్వాత, నా సేవ ద్వారా ఎంతమంది బాప్తిస్మం పొందారో ఫొటోలతో రాయమని అడిగారు. ఇద్దరు అని రాశాను, అదీ నా సేవ అనలేను, అక్కడి పాస్టరు గారి పదేళ్ల కష్టం అని కూడా రాశాను. ఆ సంఖ్యతో దాతలను ఒప్పించలేమని, ఇతర విద్యార్థులు ఎక్కువ చూపిస్తున్నారని జవాబు వచ్చింది. ఆ తర్వాత సహాయం ఆగిపోయింది. కోపం కన్నా ఎక్కువ దిగులు కలిగింది, ఎందుకంటే సంఖ్య పెంచి రాసిన తోటి విద్యార్థులు చెడ్డవారు కారు, ఇంటి దగ్గర ఎదురుచూసే తల్లిదండ్రులు ఉన్నవారు. ప్రిన్సిపాల్ గారికి ఉత్తరం చూపిస్తే ఆయన చాలాసేపు మౌనంగా ఉండి, లైబ్రరీలో పుస్తకాలకు అట్టలు వేసే పని ఇప్పించారు. మిగిలిన ఫీజు ఆ పనితో తీర్చాను.

మరో వెలితి కూడా ఉంది. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం క్రైస్తవులైన దళితులకు షెడ్యూల్డ్ కులాల హోదా లేదు. మన రాష్ట్రాల్లో వారు బీసీ–సి, అంటే వెనుకబడిన తరగతుల్లోని సి గ్రూపు, కిందికి వస్తారు. పల్లెలో కాపరి ముందు వచ్చే మొదటి కష్టమైన ప్రశ్న త్రిత్వం గురించి కాదు, “పిల్లాడి సర్టిఫికెట్లో ఏం రాయించమంటారు అయ్యగారూ?” అన్నది. అబద్ధం రాయించమనలేం, పిల్లవాడి చదువు పోతే మన చేతిలో ఏమీ ఉండదు. ఈ అంశానికి మాకు మూడేళ్లలో ఒకే ఒక్క తరగతి కేటాయించారు. తొలి శతాబ్దాల్లో సిద్ధాంతాలు తేల్చిన నీకయ, కల్కెదోను సంఘ సభల తీర్మానాలు తేదీలతో సహా నేర్పినందుకు నేను కృతజ్ఞుణ్ణి. కుమారుడు తండ్రితో సమానుడు కాడన్న, 325లో నీకయ సభ ఖండించిన అరియస్ తప్పే నేడు కొత్త పేర్లతో మన పల్లెలకు వస్తున్నప్పుడు ఆ పాఠం అక్కరకు వచ్చింది. అయినా సర్టిఫికెట్ ప్రశ్న అడిగిన తల్లి ముందు తల దించుకోవలసి వచ్చినప్పుడు, ఒక్క గంట ఎలా సరిపోతుందనుకున్నారో అర్థం కాలేదు.

రెండో ఏడు వేసవి సెలవుల్లో రెండు నెలలు ఒక సీనియర్ కాపరి దగ్గర ఉండి పని నేర్చుకోవాలన్నది నియమం. నన్ను పల్నాడులో ఒక ఊరికి పంపారు. అక్కడి అయ్యగారు ముప్ఫై ఏళ్లకు పైగా అదే ఊళ్లో ఉన్నారు. ఆయన దగ్గర అట్ట చినిగిన ఒక లాంగ్ నోట్‌బుక్ ఉండేది. ఇంటికో పేజీ, పేజీ పైన ఇంటి యజమాని పేరు, కింద తాను ఆ గడప తొక్కిన తేదీలు, పక్కన రెండు మూడు మాటలు: ‘మోకాళ్ల నొప్పి’, ‘కూతురు అలిగి వచ్చింది’, ‘బర్రె ఈనింది’. ఆదివారం ప్రసంగానికి ముందు ఆయన వ్యాఖ్యాన గ్రంథంతో పాటు ఆ నోట్‌బుక్ కూడా తిరగేసేవారు.

నేను వెళ్లిన మూడో వారంలో ఆ సంఘంలో ఒక కుర్రాడు, లారీ క్లీనరు, రోడ్డు ప్రమాదంలో చనిపోయాడు. రాత్రి తొమ్మిదింటికి శవం ఊరికి చేరింది. అయ్యగారు నన్ను వెంట తీసుకెళ్లారు. దారిలో నేను ఫోను వెలుతురులో మూడు అంశాలతో ఓదార్పు ప్రసంగం రాసుకున్నాను. పునరుత్థాన నిరీక్షణ, దేవుని సార్వభౌమత్వం, పరలోక సమాగమం. ఇంటి ముందుకు వెళ్లగానే ఆయన నా చేతిలో కాగితం చూసి, “అది సంచిలో పెట్టు నాయనా. లోపల కుండలో నీళ్లున్నాయేమో చూడు, లేకపోతే పంపు దగ్గర నుంచి తెచ్చి పొయ్యి” అన్నారు. నీళ్లు మోశాను. కుర్చీలు వేశాను. ఆయన ఆ తల్లికి కొంచెం దూరంలో నేల మీద కూర్చుని తెల్లవారేదాకా దాదాపు ఏమీ మాట్లాడలేదు. ఆమె మధ్యలో ఒకసారి, “దేవుడెందుకిట్టా చేశాడయ్యా?” అని అరిచింది. నా మూడు అంశాల్లో రెండోది దానికి జవాబని నాకు అనిపించింది. ఆయన, “నాకు తెలీదమ్మా” అన్నారు. అంతే అన్నారు.

యోబు స్నేహితులు అతని బాధ చూసి ఏడు పగళ్లు, ఏడు రాత్రులు ఒక్క మాటా పలకకుండా అతనితో నేల మీద కూర్చున్నారని ఆ గ్రంథం రెండో అధ్యాయం చివర ఉంది. కాపరి పరిచర్య పాఠంలో దాని మీద పరీక్ష రాసి మంచి మార్కులు తెచ్చుకున్నాను. ఆ రాత్రి నేల మీద కూర్చున్నాకే దాని బరువు తెలిసింది. మర్నాడు భూస్థాపన దగ్గర అయ్యగారు యోహాను 11వ అధ్యాయంలో యేసు లాజరు సమాధి దగ్గరికి వచ్చిన భాగం నాచేత చదివించి, అయిదు నిమిషాలు మాట్లాడి, ప్రార్థన చేశారు. మూడో రోజు వెళ్లారు, ఎనిమిదో రోజు వెళ్లారు. నేను తిరిగి కళాశాలకు బయలుదేరే రోజు ఉదయం నోట్‌బుక్‌లో ఆ ఇంటి పేజీ చూశాను. ఆ నెలలో పదకొండు తేదీలు ఉన్నాయి.

చివరి ఏడు ఎక్కువ కష్టం లేకుండా గడిచింది. ఈ దారిలో రావాలనుకునే తమ్ముళ్లకూ చెల్లెళ్లకూ ఒక మాట ముందే చెప్పడం మంచిది: ఈ పట్టాతో ప్రభుత్వ ఉద్యోగాలకు దారి ఉంటుందని ఎవరైనా చెబితే నమ్మవద్దు, చేరేముందే గుర్తింపు సంగతి కళాశాలలోనే స్పష్టంగా అడగండి. పట్టా రాగానే పాస్టరు అయిపోరు కూడా. అభిషేకం సంఘం ఇచ్చేది. మా సంఘాల్లో కొంతకాలం పరిశీలించి, పెద్దలు ప్రశ్నలడిగి, అప్పుడు చేతులుంచి ప్రార్థిస్తారు. నాకు అది పట్టా వచ్చిన రెండేళ్లకు జరిగింది. ఈసారి ఉత్తరం నేను అడగలేదు, సంఘమే తీర్మానం చేసింది. చదువెందుకని అడిగిన మా పెద్దమ్మ ముందు వరసలో కూర్చుంది. పేతురు కూడా సుమారు మూడేళ్లు గురువు వెంట తిరిగి నేర్చుకున్నాడు కదా పెద్దమ్మా అని ఆ రోజు ఆమెతో అన్నాను. “నువ్వు కూడా మూడేళ్లేగా” అని నా చెయ్యి పట్టుకుంది.

ఇప్పుడు మా ఊరికి ఇరవై కిలోమీటర్ల దూరంలో ఒక చిన్న సంఘంలో పనిచేస్తున్నాను. నేనూ ఒక లాంగ్ నోట్‌బుక్ కొన్నాను. అరెకరం అమ్ముకున్న ఆయన పేరు మా సంఘంలోది కాకపోయినా అందులో మొదటి పేజీలో ఉంది. వెళ్లి క్షమాపణ అడిగాను, ఆయన టీ పెట్టించి, ఆ ప్రసంగం తనకు గుర్తే లేదన్నాడు. గుర్తుందని నాకు అనిపించింది. నెలకోసారి వెళ్తున్నాను.

బుధవారం రాత్రి కూడికల్లో యిర్మీయా గ్రంథం మొదటి అధ్యాయం నుంచి వరుసగా చదువుతున్నాం. మొత్తం 52 అధ్యాయాలు. వరికోతల రోజుల్లో రెండు వారాలు ఆగవలసి వచ్చింది, మొన్నటికి 19 అయ్యాయి. 11వ వచనం ఎప్పుడు చెబుతారని ఒక చెల్లెలు అడిగింది. ముందు హనన్యా రావాలి, ఆ తర్వాత ఉత్తరం చదువుదామని చెప్పాను.